దేవరగట్టు దారిలో బ్యాండు పిల్లలు

కర్నూలు జిల్లా పడమటి అంచున, హొళగుంద మండలంలో, కర్ణాటక సరిహద్దుకు దగ్గరగా ఉన్న కొండ దేవరగట్టు. దసరా రాత్రి ఇక్కడ మాళమల్లేశ్వర స్వామి బన్ని ఉత్సవం జరుగుతుంది. నెరణికి, నెరణికి తండా, కొత్తపేట వాళ్ళు ఒకవైపు, చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు మరోవైపు నిలిచి, ఉత్సవ విగ్రహాల కోసం కర్రలతో తలపడతారు. కాగడాల వెలుగులో, డప్పుల మోతలో తెల్లవారేదాకా ఎవరికీ నిద్ర ఉండదు. ఏటా తలలు పగులుతాయి.

మేము వెళ్ళింది పండుగ నాడు కాదు, డిసెంబరు నెలలో ఒక పగలు. స్కూలు బ్యాండు పిల్లలను వెంటబెట్టుకుని ఎమ్మిగనూరు, ఆదోనిల మీదుగా వెళ్ళాము. ఎమ్మిగనూరులో మాచాని సోమప్ప గారు 1938లో స్థాపించిన చేనేత సహకార సంఘం గురించి పిల్లలకు చెప్పాము. ఆదోనిలో కోటను, పత్తి మార్కెట్ యార్డును చూపించాము. రెండు ఊళ్ళలోనూ పిల్లలు ఊరేగింపులో బ్యాండు వాయించారు.

గట్టు దగ్గరికి చేరేసరికి సైడ్ డ్రమ్ము వాయించే అబ్బాయి రాయికి ఆనుకుని కునుకు తీస్తున్నాడు. బ్యూగిల్ ఊదే ఇద్దరు నీళ్ళ సీసా కోసం తగువుపడ్డారు. అది పొగరు కాదు, నిద్ర చాలకపోవడం. పెద్దవాళ్ళకు నిద్ర లేకపోతే ఆవులిస్తారు, పిల్లలు చిరాకుపడతారు. 6 నుండి 12 ఏళ్ళవారికి రోజుకు 9 నుండి 12 గంటలు, 13 నుండి 18 ఏళ్ళవారికి 8 నుండి 10 గంటలు నిద్ర కావాలని వైద్యులు చెబుతారు.

రాత్రికి రాత్రే తిరిగి వెళ్దామని, ఒక పూట ఖర్చు మిగులుతుందని డ్రైవరు అన్నాడు. ఇంటి దగ్గర తల్లిదండ్రులు ఎదురుచూస్తున్నారు. అయినా మేము ఒప్పుకోలేదు. అర్ధరాత్రి నుండి తెల్లవారేలోపు బండి నడిపేవాని కళ్ళు వాలిపోయే సమయం. బండిలో ఉన్నది ఇరవైమంది బిడ్డలు. ఇళ్ళకు ఫోను చేసి, ఆదోనిలోనే ఆగాము.

ఆ రాత్రి ఏడున్నరకే భోజనం పెట్టాము. టీ అడిగినవారికి మజ్జిగ ఇచ్చాము. సాయంత్రం తాగిన టీ ప్రభావం ఐదారు గంటలకు గానీ సగానికి తగ్గదు. డ్రమ్ములన్నీ ఒక గదిలో పెట్టి తాళం వేశాము, లేకపోతే ఎవరో ఒకరు వాయించకమానరు. తొమ్మిదింటికి దీపాలు ఆర్పాము. డ్రైవరుకు వేరే గది ఇచ్చాము. మరునాడు మధ్యాహ్నం దారిలో చెట్టు నీడన బండి ఆపి, అందరినీ అరగంట పడుకోనిచ్చాము. అంతకుమించి పడుకుంటే లేచాక మత్తు వదలదు.

తల్లిదండ్రులారా, మీ బిడ్డ బ్యాండుతో ఊరు వెళ్తుంటే ముందు రెండు రాత్రులు పెందలాడే పడుకోబెట్టండి. బండి ఎన్నింటికి బయలుదేరుతుందో, రాత్రి ఎక్కడ ఆగుతుందో పంతులుగారిని అడగండి. అడగడం తప్పు కాదు. తిరిగి వచ్చిన రోజు ఊరి కబుర్లు చెప్పమని కూర్చోబెట్టకండి. రొట్టె పెట్టి, దుప్పటి కప్పండి. కబుర్లు తెల్లవారాక చెప్పుకోవచ్చు.