చిట్టి ఎందుకు ఫెయిలయ్యాడు?

మొన్న రాత్రి హాస్టల్లో 'రోబో' మళ్లీ చూశాం. చిన్నప్పుడు చూస్తే వందల చిట్టిలు బంతిలా మారే సీనే గుర్తుండిపోయింది. ఈసారి వేరే రెండు సీన్లు నన్ను వదల్లేదు.

మొదటిది, సైన్యం కోసం చేసిన చిట్టిని బోరా పరీక్షించడం. పొడవమంటే, తయారుచేసిన వశీకరణ్ మీదికే కత్తితో వెళ్తుంది. మంచీ చెడూ తెలియదని అనుమతి ఇవ్వరు. రెండోది, మనసొచ్చాక ఆర్మీ ఆఫీసర్ల ముందు నిలబెట్టడం. యుద్ధం వదిలేసి ప్రేమ గురించి మాట్లాడతాడు. అక్కడా ఫెయిలే. (రాస్తుంటే నాకే తెలియకుండా 'అది' కాస్తా 'వాడు' అయిపోయింది!)

మనసు లేకపోతే ప్రమాదం, ఉంటే పనికిరాదు. మరి కావలసిందేంటి?

1983 సెప్టెంబర్ 26న సోవియట్ హెచ్చరిక వ్యవస్థ అమెరికా క్షిపణులు వస్తున్నాయని చూపించింది. డ్యూటీలో ఉన్న స్టానిస్లావ్ పెట్రోవ్ అది తప్పుడు అలారమని పైవాళ్లకి చెప్పాడు. అదే నిజమైంది. ఆ రాత్రి అందరినీ కాపాడింది ఒక మనిషి అనుమానం.

మా ఫైనల్ ఇయర్ ప్రాజెక్టు, డ్రోన్ కెమెరాతో మనుషుల్ని గుర్తుపట్టడం. వరదల్లో చిక్కుకున్నవాళ్ల కోసమని రాశాం. కానీ అదే కోడ్‌తో ఎవరినైనా వెతకొచ్చు. స్క్రీన్ మీద మనిషి చుట్టూ ఆకుపచ్చ బాక్స్, పక్కన 0.91. మిగతా 0.09 గురించి కోడ్ అనుమానపడదు. పడాల్సింది మేమే.

రిపోర్టులో దుర్వినియోగం గురించి ఒక పేజీ పెడదామన్నాను. "దానికి మార్కులుండవు రా" అన్నాడు మావాడు.

అయినా రాస్తున్నాను.