కంకిపాడు నోట మా మాట

13 జూలై 2025, ఆదివారం, కొత్తపేట

తెల్లవారుజామున కోట శ్రీనివాసరావు గారు ఫిల్మ్‌నగర్‌లోని ఇంట్లో పోయారు. మొన్న పదో తేదీకే 83 నిండాయి. టీవీల్లో పొద్దుట్నుంచి ‘అహ నా పెళ్లంట’ లక్ష్మీపతే. ఎదురుగా కోడిని వేలాడదీసుకుని, దాన్ని చూస్తూ వట్టి అన్నం తినే ఆ పిసినారి. నాకు మాత్రం మొదట గుర్తొచ్చింది ‘ప్రతిఘటన’లో కాశయ్య. 1985లో మేం నల్లగొండలో చదువుకునే పిల్లగాళ్లం. తెర మీద అంత పెద్ద పాత్ర మా యాసలో మాట్లాడుతుంటే ఒళ్లు పులకరించింది. ఆ మాట్లాడేవాడు దుర్మార్గుడైనందుకు కడుపు మండింది. ఆ రెండూ నాలో ఇప్పటికీ అట్లనే ఉన్నాయి.

15 జూలై, మంగళవారం

సాయంత్రం ఎల్బీనగర్ చౌరస్తా దాకా నడిచాను. విజయవాడ బస్సుల కోసం సంచులు పట్టుకుని ఎప్పటిలాగే జనం. 65వ నంబరు జాతీయ రహదారి ఇక్కణ్నుంచి సూర్యాపేట, విజయవాడ దాటి బందరు పోతుంది. దారిలోనే కంకిపాడు, కోట గారి సొంతూరు. ఈ రోడ్డు వెంటే మా నల్లగొండ వాళ్లం వచ్చాం, కృష్ణా జిల్లా వాళ్లూ వచ్చారు. దిల్‌సుఖ్‌నగర్ నుంచి వనస్థలిపురం దాకా ఒకే అపార్టుమెంట్లలో కాపురాలు చేస్తున్నాం.

పై అంతస్తు బెజవాడ పెద్దాయన మెట్ల దగ్గర కలిశారు. “మా కోట వెళ్లిపోయాడండీ,” అన్నారు, కళ్లనీళ్లతో.

“మనిషి మీవాడే సార్, మాట మాత్రం మాది,” అన్నాను.

“మరి ఆ వేషాలు మీవాళ్లకెందుకివ్వలేదంటారు?”

“మా బాధ అదే కద సార్!”

ఆయన కాసేపు ఆలోచించి, “నిజమేనండీ,” అన్నారు. ఆ మాట ఆయన నోట విన్నందుకు సంతోషమైంది.

రాత్రి, పడుకునే ముందు: ‘గాయం’లో గురునారాయణ, ‘గణేష్’లో మంత్రి సాంబశివుడు. రెండింటికీ ఉత్తమ విలన్‌గా నంది వచ్చింది. దిల్‌సుఖ్‌నగర్ కోణార్క్‌లో, వెంకటాద్రిలో ఆయన నోరు తెరవగానే ముందు వరసల్లో ఈలలు పడేవి. ఎందుకు? వేరేవాళ్లు మా యాసను వెక్కిరింపుకు వాడుకున్నారు. ఈయన దాంతో భయపెట్టారు. గొంతు పెంచకుండా, చిన్నగా నవ్వుతూ, ఎదుటివాణ్ని ‘తమ్మీ’ అని దగ్గరికి తీసుకుంటూనే వాడి బతుకు తేల్చేసే నాయకుడు. అట్లాంటి మనుషుల్ని మేం బస్తీల్లో చూసినం. యాసను విలన్‌కు కట్టబెట్టిన రచయితల మీద నా కోపం పోలేదు, పోదు కూడా. ఆ యాసకు బరువు తెచ్చిన నటుడి మీద మాత్రం కోపం రాదు.

20 జూలై, ఆదివారం

‘ఆ నలుగురు’ మళ్లీ చూశాను. లక్ష్మీపతి వచ్చిన పదిహేడేళ్లకు, 2004లో, ఇందులో కోటయ్య. ఇతనూ డబ్బు మనిషే. లక్ష్మీపతి పిసినారితనానికి పడీపడీ నవ్వాం. కోటయ్య మనసు కరుగుతుంటే ఏడ్చాం. అదే మనిషి, అదే గొంతు, కానీ ఒక్క విరుపైనా పాతది కాదు.

ఇదంతా నాటకం పెట్టిన భిక్ష. స్టేట్ బ్యాంకులో ఉద్యోగం చేస్తూనే ఆయన రంగస్థలాన్ని వదల్లేదు. ‘ప్రాణం ఖరీదు’ను మొదట నాటకంగా ఆడి, 1978లో దాంతోనే సినిమాల్లోకి వచ్చారు. చిరంజీవి మొదట తెర మీద కనిపించింది కూడా అందులోనే. ఒకరు హీరో అయ్యారు. ఇంకొకరు హీరో పక్కన, ఎదురుగా, వెనకాల నిలబడి నాలుగు దశాబ్దాలు గడిపారు. తొమ్మిది నందులు, 2015లో పద్మశ్రీ. నడుమ ఒకసారి విజయవాడ తూర్పు ఎమ్మెల్యే. 2010లో కొడుకు రోడ్డు ప్రమాదంలో పోయాడు. అయినా కెమెరా ముందుకు మళ్లీ వచ్చారు. దాని గురించి రాయడానికి నాకు చెయ్యి ఆడడం లేదు.

బయటి రాష్ట్రాల నటుల్ని తెచ్చి మన పాత్రలిస్తున్నారని ఆయన బాహాటంగానే పోట్లాడారు. ‘సామి’తో తమిళానికి వెళ్లిన మీరే ఇట్లా అనొచ్చా అని అడిగినవాళ్లున్నారు. నేను ఆయన పక్షమే. సహాయ పాత్ర బతికేది మాట మీద. హీరోకు పాటలున్నాయి, ఫైట్లున్నాయి. తండ్రికి, మామకు, ఊరి పెద్దకు ఉన్నది నాలుగు మాటలే. అవి అరువు గొంతుతో పలికితే ఆ మనిషి ఏ ఊరివాడో ప్రేక్షకుడికి అందదు.

2023లో ‘బలగం’లో ఊరు ఊరంతా మా యాసలో మాట్లాడింది. ఏడ్చింది, పోట్లాడింది, కలిసిపోయింది. అందులో ఎవరూ విలన్ కాదు. దర్శకులకు ఒక్కటే నా విన్నపం: తండ్రి వేషానికో మంత్రి వేషానికో మనిషి కావాల్సి వస్తే ముంబైకి ఫోను చేసే ముందు, ఈ రోడ్డు మీద సూర్యాపేటలో ఒకసారి, విజయవాడలో ఒకసారి దిగి నాటకాలు ఆడేవాళ్లను చూడండి.