సాకు పోయింది

సంసారికి ఇల్లెంత అవసరమో, ఒక మంచి సాకు కూడా అంతే అవసరం. నాకు చాలాకాలం ఒక బ్రహ్మాండమైన సాకు వుండేది. దాని పేరు దూరం.

మా కాపురం హైదరాబాదులో మియాపూర్‌లో. మా అమ్మ ఎల్‌.బి. నగర్‌లో మా తమ్ముడి దగ్గర వుంటున్నది. వూరు ఒకటే, కాని ఆమె ఆ చివర, నేను ఈ చివర. బస్సెక్కితే రెండు గంటలు. వాన పడితే ఆ లెక్క కూడా లేదు. అంచేత నెలకొకసారి వెళ్ళడమే ఘనకార్యమనుకునేవాణ్ణి.

"ఎప్పుడొస్తావురా?" అని అమ్మ ఫోనులో అడిగేది.

"రావాలనే వుందమ్మా. దారి సంగతి నీకు తెలుసుగా!"

"అవున్నాయనా, శ్రమపడి రావద్దులే" అనేది. దానితో ఇద్దరి మనసులూ కుదుటపడేవి. కనీసం నా మనసు కుదుటపడేది.

ఇంతలో రోడ్డు మధ్య తవ్వి మెట్రో స్తంభాలు లేపారు. కొన్నేళ్ళు దుమ్ము తిన్నాం. స్తంభాలకు అంకెలు వేసేసరికి మా చిరునామాలే మారిపోయినాయి. వీధి పేరు చెప్పబోతే, "అదంతా ఎందుకు, పిల్లరు నంబరు చెప్పండి" అనేవారు.

2017 నవంబరు 28న ప్రధానమంత్రి నరేంద్ర మోదీ మా మియాపూర్ స్టేషనులోనే మెట్రోను ప్రారంభించి, కూకట్‌పల్లి దాకా రైల్లో వెళ్ళి వచ్చారు. మర్నాటినుంచి ప్రజలను ఎక్కనిచ్చారు. నేనూ మా ఆవిడా తిరునాళ్ళకు పోయినట్టు పోయాం. కింద రోడ్డు; దానిపైన టిక్కెట్ల అంతస్తు; ఆపైన రైళ్ళాగే అంతస్తు. భారమంతా స్తంభాల మీద మోపి, కింద బస్సుల దారి బస్సులకు వదిలేశారు. ఎస్కలేటరు, అనగా నడిచే మెట్ల దగ్గర మా ఆవిడ నా చెయ్యి గట్టిగా పట్టుకున్నది. పెళ్ళిలో కూడా అంత గట్టిగా పట్టుకోలేదు! మూడు పెట్టెల రైలు వచ్చింది. తలుపులు వాటంతటవే తెరుచుకున్నవి. పేర్లు తెలుగులో కూడా రాసివున్నవి. వచ్చే స్టేషను పేరు తెలుగులో కూడా చెబుతున్నారు. తెలుగు పాఠాలు చెప్పుకు బతికేవాణ్ణి గనుక అది నా చెవికి హాయిగా వున్నది.

అయితే అప్పటికింకా మా దారి అమీర్‌పేట దాకానే. అక్కణ్ణుంచి రెండోబండి నాగోలు వైపు పోయేది. కనుక నా సాకు సగం బతికే వున్నది.

2018 సెప్టెంబరు 24న మిగతా సగం కూడా పోయింది. మియాపూర్ నుంచి ఎల్‌.బి. నగర్‌కు ఒకటే రైలు. 29 కిలోమీటర్లు, 27 స్టేషన్లు, గంటలోపు ప్రయాణం. మరి నేను వెంటనే వెళ్ళానా? లేదు. పరీక్ష పేపర్లు దిద్దాలన్నాను. జలుబన్నాను. నెలకొకసారి నెలకొకసారిగానే వుండిపోయింది.

ఆ కార్తీకంలో ఒక ఆదివారం ఫోను మోగింది. "ఒరే, మీ స్టేషనులో వున్నాను. కిందికి దిగే లిఫ్టు ఎటు?"

పరుగెత్తాను. డెబ్బయి రెండేళ్ళ మా అమ్మ, చేతిసంచిలో గోంగూర పచ్చడి సీసాతో నిలబడి వున్నది.

"ఒక్కదానివీ ఎలా వచ్చావమ్మా?"

"నేనెక్కిందీ చివరి స్టేషనే, దిగిందీ చివరి స్టేషనే. తప్పిపోవడానికేముందిరా?"

నాకు నోట మాట రాలేదు. ఆనాటినుంచి ఆదివారాలు తప్పకుండా వెళ్ళడం మొదలుపెట్టాను.

2020 మార్చి 22న కరోనా వల్ల రైళ్ళు ఆగిపోయినాయి. మేడమీదినుంచి చూస్తే స్టేషను బోసిగా కనిపించేది. ఈసారి దూరం సాకు కాదు, నిజం. సాకుగా వున్నన్నాళ్ళూ తేలికగా తోచిన ఆ దూరమే, నిజమయ్యేసరికి మొయ్యలేనంత బరువయింది.

సెప్టెంబరు 7న మళ్ళీ మొదలైనప్పుడు ముందుగా తెరిచింది మా మార్గమే. ఆ రోజే బయలుదేరాను. ముఖానికి గుడ్డ కట్టుకుని వున్నా, గుమ్మంలోనే అమ్మ గుర్తుపట్టింది.

"శ్రమపడి ఎందుకొచ్చావు నాయనా?"

"శ్రమేముందమ్మా! గంట కూడా పట్టలేదు" అన్నాను.

అన్న తరువాత తలెత్తి ఆమె ముఖం చూడలేకపోయాను.