గోల్డుస్మిత్తు ఋణము

ఉప్పలుకు దాపుననున్న చిల్కానగరులో మేము నేటికిని అద్దెయింటనే యుందుము. ఘటకేసరు దారిలో ఇంటిస్థల మిప్పింతునని యొక పెద్దమనుష్యుడు పదేండ్ల క్రిందట, మా యిల్లాలి నగలు కుదువబెట్టి తెచ్చిన మూడులక్షల రూపాయలు పుచ్చుకొని కనబడకుండ పోయెను. బడిపిల్లలకు వివేకము బోధించు మేము రంగులువేసిన పటమొకటి చూచి నమ్మితిమి. ఈ మాట నింతవరకు ఎవరితోను చెప్పుకొనలేదు. ఇప్పుడు చెప్పించినవాడు ఆలివరు గోల్డుస్మిత్తు.

ఇతనిని మా విద్యార్థులు ఇంగ్లీషువాడని తలతురు. కాదు, ఐర్లండు దేశపు మతాచార్యుని కుమారుడు. డబ్లినులోని ట్రినిటీ కళాశాలలో బీదవిద్యార్థిగా ఊడిగములు చేయుచు చదివెను. ఎడింబరోలోను లైడెనులోను వైద్యము పేరు చెప్పి కాలము గడపి, ఐరోపాఖండమును కాలినడకన చుట్టి, 1756లో చేత కాసులేక లండను చేరెను. పెక్‌హాములో నొక బడియందు ఉపోపాధ్యాయుడుగా నుండెను. ఆ పనినిగూర్చి యతడు తరువాత వ్రాసిన పరిహాసములను చదివి మా వృత్తివారము నవ్వుదుము గాని బిగ్గరగా నవ్వము.

అద్దె చెల్లింపలేదని యింటియజమానురాలు నిర్బంధింపజేయగా, జాన్సను పండితుడు ముందుగా నొక గినీ పంపెను. తాను వచ్చి చూచుసరికి ఆ గినీ మధువుగా మారియుండెనట! ఆయన సీసాకు బిరడా బిగించి, గోల్డుస్మిత్తు చూపిన వ్రాతప్రతిని గొనిపోయి అరువది పౌనులకు విక్రయించెను. అదియే 1766లో అచ్చయిన ‘వికారు ఆఫ్ వేక్‌ఫీల్డు’.

ఆ కథ ప్రేరణముననే కందుకూరి వీరేశలింగము పంతులుగారు 1878లో వివేకవర్ధనియందు రాజశేఖర చరిత్రమును ప్రకటించిరి. మొదట భాషాంతరీకరింప దలచి, మానుకొని, స్వతంత్రముగా వ్రాసితినని వారే చెప్పిరి. అనుకరణమని యాక్షేపించువారు నేటికిని గలరు. ధవళేశ్వరమును, బంగారము చేయుదునని వచ్చిన బైరాగియు వేక్‌ఫీల్డులో నెచ్చట నున్నారు? 1887లో హచిన్సను దానిని ఆంగ్లీకరించి లండనులో ప్రకటించుటచే ఆ ఋణము వడ్డీతో తీరినదనియే మేము లెక్కవేసికొంటిమి.

మాకు తోచిన భేదము వేరొకటి. పంతులుగారు సంస్కర్త. మోసపోయినవాని మౌఢ్యమును విప్పి, ఇది నీ తప్పు సుమా యని వ్రేలు చూపుదురు. ఇంటి సొమ్మును బైరాగి చేతబెట్టిన రాజశేఖరుని చూచి మేము తలవంచితిమి. ఆ సిగ్గు మాకు కావలసినదే. అది లేనిచో మరియొక పటమును నమ్మియుందుము. ఐరిషువాని త్రోవ అది కాదు. అతని కథలో మోజెసను కుఱ్ఱవాడు గుఱ్ఱము నమ్మి పండ్రెండు డజన్ల ఆకుపచ్చ కండ్లద్దములు తెచ్చును. వెండియంచులన్నవి రాగివని తేలును. పిమ్మట తండ్రి రెండవ గుఱ్ఱముతో సంతకు పోయి ఆ మోసగానికే చిక్కును! మరణమునాటికి రెండువేల పౌనులు బాకీపడిన మనుష్యుడు పరుల తెలివితక్కువకు దూరముగా నిలిచి నవ్వగలడా? ప్రక్కను గూర్చుండి నవ్వెను. పదేండ్లుగా మాకు దొరకనిది అట్టి నవ్వే.

గడచిన కార్తికమాసములో నొకరాత్రి ఆ కండ్లద్దముల కథను మా యిల్లాలికి చెప్పితిమి. ఆమె వినివిని, “మన స్థలపు పటము కూడ పచ్చరంగుదే కదండీ” యని పకపక నవ్వెను. ఆ పటము మాట మా యింట మరల వచ్చుట అదే మొదలు.