ఓడ దిగి వచ్చిన రేడియో

మా జనగామకు సముద్రం ఎంత దూరమో మీకు తెలియనిది కాదు. అయినా మా మరిది కాకినాడ పాతసామాన్ల కొట్లోంచి ఓడ రేడియో ఒకటి తెచ్చి నా బియ్యం డబ్బా పక్కన పెట్టాడు. అతనికి హామ్ లైసెన్సు ఉంది లెండి, దొంగతనంగా ఏమీ కాదు.

వినోదమే అయితే నేను ఊరుకునేదాన్ని కాదు. 2023 జూలై 27న మోరంచవాగు పొంగి మోరంచపల్లిని ముంచేసింది. జనం ఇళ్ళ పైకప్పులెక్కితే హెలికాప్టర్లొచ్చి కాపాడాయి. మా ఆడపడుచు కాపురం ఆ పక్కనే, భూపాలపల్లిలో. రోజంతా ఫోను పలకలేదు. అత్తయ్య దేవుడి దగ్గర్నించి లేవలేదు. మరుసటేడు సెప్టెంబరులో మహబూబాబాద్ జిల్లా కేసముద్రం దగ్గర పట్టాల కింద కట్ట కొట్టుకుపోయి రైళ్ళూ ఆగిపోయాయి. ఆ తర్వాత వచ్చిందీ పెట్టె. పన్నెండు వోల్టుల బ్యాటరీ చాలు, ఏ టవరుతోనూ పనిలేదు.

కానీ దానికి ఓడల భాషే వచ్చు. ఓడలవాళ్ళకు 6 మెగాహెర్ట్జ్ దగ్గర కొంత, 8 దగ్గర కొంత చోటిచ్చారు. హామ్‌లది మధ్యలో, 7 దగ్గర. పక్కింటికి మారడమే కదా అనుకుంటాం. ఈ పాత పెట్టెలో చానెల్‌కొక క్రిస్టల్, రూపాయి బిళ్ళంత రేకు డబ్బీ. అది పలికేది ఒకటే స్వరం. వాటిని తీసి, తిప్పుకునే డయల్ పెట్టి, లోపలి తీగచుట్టలన్నీ మళ్ళీ శ్రుతి చేశాడు. తీరా వింటే మనుషులు బాతుల్లా అరిచారు!

"ఓడలవాళ్ళది పై సైడ్‌బ్యాండ్, ఇక్కడ మాది కిందిది వదినా," అన్నాడు. దానికి తగ్గ క్రిస్టల్ దొరకడానికి నెల పట్టింది. పెరట్లో ఇరవై మీటర్ల రాగితీగ వెలిసింది. బట్టలారేసుకోకూడదట.

పూర్వం ఓడల రేడియో గడియారం మీద రంగు ముక్కలుండేవట. గంటకు రెండుసార్లు, మూడేసి నిమిషాలపాటు, 2182 కిలోహెర్ట్జ్ మీద అందరూ నోరు మూసుకుని వినాలి, ఆపదలో ఎవరైనా పిలుస్తున్నారేమోనని. ఈ నియమం మన పెళ్ళిళ్ళలో పెడితే ఎంత బాగుండును!

2004 సునామీ రోజున హామ్ యాత్ర మీద పోర్ట్‌బ్లెయిర్‌లో ఉన్న భారతీ ప్రసాద్ రేడియో మీదే క్షేమ సమాచారాలు బయటికి చేరవేశారు. ఆ సంగతి చెప్పాక అత్తయ్య పెట్టె మీద రోజూ దుమ్ము దులుపుతున్నారు.

అయితే అవతల కూడా ఒకరుండాలిగా. ఆడపడుచు కూతురికి పన్నెండు నిండాయి, లైసెన్సు పరీక్షకు ఆ వయసు చాలు. దానికోసం మరిది రెండో సెట్టు కడుతున్నాడు. ఫీజు అత్తయ్య పింఛనులోంచి వెళ్ళింది. పిల్ల ఎన్ని పేజీలు చదివిందని భూపాలపల్లికి రోజూ ఫోను.