తెర చాటు మోత

సెవిల్ నగరంలో పవిత్ర వారపు ఊరేగింపును వేలాదిమంది కన్నులారా దర్శిస్తారు. మోసేవానికి మాత్రం ఆ భాగ్యం లేదు. వేదిక చుట్టూ జారిన తెరల చాటున, చుట్టకుదురు వంటి గుడ్డను మెడకు ఆన్చి, చీకటిలో అడుగులో అడుగు వేస్తాడు. 1973కు పూర్వం ఈ మోత ప్రధానంగా రేవు కూలీలది. ఆ ఏట ఒక భక్తసమాజ సభ్యులు స్వయంగా మెడ ఒగ్గారు. (కూలికి మోసినంత మాత్రాన భక్తి కొరతపడినదని ఎవరనగలరు?)

అతని తండ్రి కూలికి మోసినవాడే. కుమారునికిప్పుడు నలభై ఆరేళ్ళు. మెడనొప్పి నిద్ర పట్టనీయదు. మార్పిడి వేళ వెలుపలికి వచ్చి, మోస్తూ తండ్రి ఎన్నడూ చూడని మరియమాత ముఖాన్ని వీథిలో నిలిచి చూడాలనుకున్నాడు. తెర తొలగింది. పక్కనున్న కుర్రవాని కాళ్ళు వణుకుతున్నాయి.

"నీవు వెళ్ళు, నాయనా," అన్నాడు.

ముందర లోహపు సుత్తి మ్రోగింది. అతడు మరల వంగాడు.