పొగ నేసిన పచ్చకోక

జెర్సీ వైపు నుంచి వెళ్లేవాళ్లకు లిబర్టీ ముందుగా వీపు చూపిస్తుంది. ఆమె చూపు ఆగ్నేయానికి, సముద్రం మీంచి ఓడలు వచ్చే దారి మీద ఉంటుంది. మేము జెర్సీ సిటీలోని లిబర్టీ స్టేట్ పార్కు నుంచి, అంటే ఆమె వెనకపక్క నుంచి బయల్దేరాం. "ఇంత దూరం వచ్చి వీపు చూడ్డమేమిట్రా!" అని మా వదిన కొడుకు మీద విసుక్కుంది. పార్కింగు సులువని వాడు ఇటు తీసుకొచ్చాడు. నాకు మాత్రం అదే మేలైంది. ముఖం ఎదురుగా ఉంటే చూపు ముఖాన్నే అంటిపెట్టుకుంటుంది. వీపు వైపునుంచి చూస్తే బట్టే కనిపిస్తుంది. నేను చూడాలని వచ్చింది ఆ బట్ట రంగునే.

గుంటూరులో ముప్ఫై ఏళ్లకు పైగా కెమిస్ట్రీ చెప్పినదాన్ని. రాగి లవణాల పాఠం వచ్చినప్పుడల్లా పిల్లలకు ఈ విగ్రహం బొమ్మే చూపించేదాన్ని. పుస్తకంలో బొమ్మ అంతా ఒకే పచ్చ. పడవ దగ్గరికి పోతున్నకొద్దీ ఆ ఒక్క రంగూ విడిపోయింది. వాన సూటిగా తగిలే భుజాల మీద లేత పచ్చ. కుచ్చిళ్ల లోపల, నీళ్లు సరిగా పారని మడతల్లో నలుపుకి దగ్గరి గోధుమ. కొన్నిచోట్ల పైనుంచి కిందికి చారలు. వదిన కళ్లు చిట్లించి చూసి, "ఇంత చిలుము పట్టనిచ్చారేమే! అమెరికా వాళ్లకి చింతపండు దొరకదా?" అంది. పడవలో మా పక్కన నిలబడ్డ తెలుగు కుర్రాళ్లు పక్కున నవ్వారు.

వదిన మాటలో తప్పేమీ లేదు. మనింట్లో రాగిచెంబుకి చిలుము పడితే అది మురికి కిందే లెక్క, తోమి వదిలించాల్సిందే. చింతపండులోని ఆమ్లం ఆ పచ్చపొరను కరిగించేస్తుంది, లోపలి ఎర్ర రాగి తళుక్కుమంటుంది. కానీ చెంబుని రోజూ తోముతాం, రోజూ మళ్లీ పడుతుంది, తోమిన ప్రతిసారీ కాస్త రాగి నీళ్లలో పోతుంది. ఆరుబయట సముద్రపు గాలిలో 46 మీటర్ల మనిషిని నిలబెట్టి, ఏడాదికోసారి తోమిస్తూ ఉంటే ఈపాటికి ఆమె ఒంటి మీద రేకు మిగిలేది కాదు. ఆ రేకు మందం ఎంతనుకున్నారు? దాదాపు 2.4 మిల్లీమీటర్లు. వందేళ్ల తరవాత కొలిస్తే అందులో తరిగింది ఐదు శాతానికి అటూఇటూ మాత్రమే. ఆ తక్కువ తరుగుదల ఈ చిలుము పుణ్యమే.

పడవ దారిలో ఎల్లిస్ దీవి దగ్గర ఆగింది. దిగలేదు. అక్కడి వలస భవనం బురుజుల మీద రాగి గుమ్మటాలున్నాయి. వాటి రంగూ లిబర్టీ రంగూ పోల్చుకుంటూ కూర్చున్నాను. మేనల్లుడు ఫోన్‌లోంచి తలెత్తి, "అత్తా, ఇది పెయింటు కాదా?" అన్నాడు. పెయింటు వెయ్యాలా వద్దా అన్న ప్రశ్న ఒకప్పుడు అమెరికన్ ప్రభుత్వానికే వచ్చింది.

ఫ్రెంచి శిల్పి బార్తోల్డీ చెక్క అచ్చుల మీద రాగి రేకుల్ని సుత్తితో కొట్టి మలిచిన ఈ విగ్రహం 1885లో 214 పెట్టెల్లో న్యూయార్క్ చేరింది. 1886 అక్టోబరు 28న ఆవిష్కరణ జరిగింది. ఆ రోజు ఆమెది రాగి రంగు. కొన్నేళ్లలో మసకబారిన గోధుమరంగులోకి మారింది. ఇరవయ్యో శతాబ్దం మొదలయ్యేసరికి పచ్చ మచ్చలు తేలాయి, 1906 నాటికి ఒళ్లంతా పచ్చబడింది. ఇది విగ్రహాన్ని తినేస్తున్న జబ్బు అని చాలామంది భయపడ్డారు. లోపలా బయటా రంగు వెయ్యడానికి ఆ ఏడాది కాంగ్రెసు డబ్బు కూడా కేటాయించింది. బయట రంగు వెయ్యొద్దని జనం గోల పెట్టారు. సైన్యపు ఇంజనీర్లు పరీక్షించి, ఈ పొర రేకుని కాపాడుతోందనీ, ఆకృతికి మెత్తదనం కూడా ఇచ్చిందనీ తేల్చారు. చివరికి లోపల మాత్రమే రంగు పడింది. ఒక ప్రభుత్వం రంగు డబ్బాలు పక్కన పెట్టి ఊరుకోవడం కూడా చరిత్రలో రాసుకోవాల్సిన విషయమే.

ఆ పచ్చపొరలో ముఖ్యంగా ఉన్న ఖనిజం పేరు బ్రొషాంటైట్. 1824లో దీనికి ఆ పేరు పెట్టింది బ్రొషాన్ ద విలియే అనే ఫ్రెంచి భూగర్భ శాస్త్రవేత్తను గౌరవించడానికి. విగ్రహమూ ఫ్రాన్సుదే, ఆమె మీది ఖనిజం పేరూ ఫ్రాన్సుదే కావడం కాకతాళీయం. అందులో నాలుగు రాగి పరమాణువులకు ఒక సల్ఫేటు, ఆరు హైడ్రాక్సైడ్లు. సహజంగా ఇది చిలీలోని అటకామా లాంటి ఎండు ఎడారుల్లో, రాగి గనుల పైపొరల్లో పుడుతుంది. చుకికమాటా గనిలో ఇదీ, దీని దగ్గరి చుట్టం ఆంట్లరైటూ ముడిఖనిజాలుగానే దొరికాయి. ఎడారి రాళ్లలో ఎంతో కాలం పట్టే ఆ పనిని న్యూయార్క్ గాలి ఇరవై ఏళ్లలో చేసి పెట్టింది.

ఎలాగంటే, కొత్త రాగి మీద ముందుగా ఆక్సిజన్ పనిచేసి ఎర్రగోధుమ రంగు క్యూప్రైట్ పొర వేస్తుంది. ఆ పొర మీదికి గంధకం చేరాలి. ఆ రోజుల్లో మాన్‌హాటన్ పొయ్యిలూ, జెర్సీ ఒడ్డున ఉన్న కర్మాగారాలూ, రైలింజన్లూ, రేవులోని ఓడలూ అన్నీ బొగ్గే కాల్చేవి. బొగ్గు పొగలో గంధక డయాక్సైడు. అది సముద్రపు మంచుతో, వానతో కలిసి సల్ఫేటుగా మారి రాగి మీద పడుతుంది, రాగి కరిగీ కరగకముందే పట్టుకుని బ్రొషాంటైట్‌గా పేరుకుంటుంది. ఇది నీళ్లలో దాదాపు కరగదు, రేకుని గట్టిగా అంటుకుంటుంది, కింది రాగికి గాలీ తేమా అందకుండా చేస్తుంది. సముద్రపు ఉప్పు కూడా తన వంతు కలిపింది, అందుకే పొరలో క్లోరిన్ ఉన్న అటకమైట్ కూడా ఉంది. లోకమంతా స్వేచ్ఛ రంగు అనుకుంటున్న ఈ పచ్చ, ఒక ఊరి బొగ్గు పొగకి పడిన అచ్చు. నాకు ఈ మాట చెప్పుకోవడం ఇష్టం. మేనల్లుడికి అంత నచ్చలేదు. "పొల్యూషన్‌ని పొగుడుతున్నావేంటత్తా!" అన్నాడు.

పొగడ్డం లేదు. అదే గంధకం మోతాదు మించితే కథ అడ్డం తిరుగుతుంది. వాన మరీ పులిస్తే బ్రొషాంటైట్ ఆంట్లరైట్‌గా మారుతుంది. అది కాస్త ఎక్కువ కరుగుతుంది, వానతో పాటు కారిపోతుంది. ఆమ్లవర్షాల భయం ఎక్కువగా ఉన్న ఎనభైల్లో శాస్త్రజ్ఞులు ఈ మార్పు కోసమే ఆమె ఒళ్లంతా గాలించారు. ఇప్పుడు అక్కడి గాలిలో గంధకం బాగా తగ్గింది. ఈ రోజు కొత్త రాగితో ఇలాంటి బొమ్మ నిలబెడితే ఇంత త్వరగా పచ్చబడదు.

దీవిలో దిగాక వదిన బెంచీ చూసుకుని కూర్చుంది. కిరీటం దాకా ఎక్కే టికెట్లు మాకిద్దరికే ఉన్నాయి, అవి నెలల ముందు తీసుకోవాలి. సంచులన్నీ లాకర్లో పెట్టించారు. పీఠం మీది నుంచి కిరీటానికి 162 మెట్లు, ఇనుపదూలాల మధ్య మెలికలు తిరిగే సన్నటి మెట్లు. నా మోకాళ్ల గురించి ఇక్కడ రాయను. రాస్తే వ్యాసమంతా వాటిదే అవుతుంది.

ఎక్కుతున్నప్పుడు తెలుస్తుంది, బయట చూసిన మనిషి ఒక గుడారమని. మధ్యలో ఐఫెల్ వేసిన ఇనుప స్తంభం. పారిస్‌లో తన గోపురం కట్టడానికి కొన్నేళ్ల ముందే ఆయన దీనికి లెక్కలు కట్టాడు. దాన్నుంచి బయటికి వచ్చిన సన్నటి బద్దల మీద రాగి రేకు వేలాడుతోంది. బట్ట మడతలు లోపల్నుంచి తిరగేసినట్టు కనిపిస్తాయి, ఎత్తు ఉన్నచోట గుంట, గుంట ఉన్నచోట ఎత్తు. లోపలి రాగి గోధుమ రంగులోనే ఉంది. వాన తగలదు కనక ఇక్కడ పచ్చ లేదు.

అసలు నాశనం జరిగింది ఈ లోపలే. రేకుని పట్టుకునే బద్దలు మొదట ఇనుపవి. అవి రేకుకి రివెట్లతో బిగించిన రాగి పట్టీల్లోంచి దూరిపోతాయి, ఎండకి రేకు సాగినప్పుడు జారడానికి వీలుగా. రాగి, ఇనుము పక్కపక్కన ఉండి మధ్యలో ఉప్పుతడి చేరితే అది బ్యాటరీయే. రెండింట్లో తొందరగా లొంగిపోయే లోహం ఇనుము, అది కరుగుతుంది, రాగి క్షేమంగా ఉంటుంది. 1761లో బ్రిటిష్ నౌకాదళం 'అలారం' అనే ఓడ అడుగుకి రాగి రేకు తాపడం చేయించి ఈ పాఠం నేర్చుకుంది. కొన్నాళ్లకి చూస్తే ఇనుపమేకులు తుప్పుతో తరిగిపోయి ఉన్నాయి, రేకు చుట్టివచ్చిన కాగితం పొరపాటున మధ్యలో మిగిలిపోయిన చోట మాత్రం మేకులు బాగానే ఉన్నాయి.

లిబర్టీ కట్టినవాళ్లకీ ఈ సంగతి తెలుసు. అందుకే ఇనుప బద్దకీ రాగి పట్టీకీ మధ్య లక్కలో నానబెట్టిన ఆస్బెస్టాస్ గుడ్డ పెట్టారు. ఆ గుడ్డ ఎండి, చిట్లి, చివరికి తడి పీల్చి దాచుకునే వస్తువైంది. ఇనుము తుప్పు పట్టింది. తుప్పు, తాను పుట్టిన ఇనుముకన్నా ఎన్నో రెట్లు చోటు ఆక్రమిస్తుంది. బద్దలు ఉబ్బి రాగి పట్టీల్ని నెట్టాయి, రివెట్లు ఊడి రాలాయి, ఆ కన్నాల్లోంచి వాన లోపలికి దిగింది. అందరూ భయపడిన పచ్చ పైనుండి కాస్తోంటే, ఎవరి కంటికీ కనపడని ఎర్రతుప్పు లోపల పళ్లు ఊడదీసింది.

1984 నుంచి 86 దాకా జరిగిన మరమ్మతులో దాదాపు 1,800 ఇనుప బద్దల్ని తీసి, ప్రతిదాన్నీ అచ్చంగా అదే వంకరతో స్టెయిన్‌లెస్ స్టీలులో చేసి పెట్టారు. రేకు కుంగిపోకుండా ఒకేసారి కొన్నింటినే విప్పేవారు. స్టీలుకీ రాగికీ మధ్య ఈసారి టెఫ్లాన్ పట్టీ. లోపలి గోడల మీద ఏళ్లతరబడి వేసిన రంగులు పొరలు పొరలుగా ఉన్నాయి. వాటిని ద్రవ నైట్రోజన్‌తో గడ్డకట్టించి రాల్చారు. కింద ఉన్న తారు మొండికేసింది. ఇసుక కొడితే రాగి గీసుకుపోతుంది కనక వంటసోడా చిమ్మారు, తారు వదిలింది. కానీ ఆ సోడా సందుల్లోంచి బయటికి కారి పచ్చపొరతో కలిసింది, కొన్నిచోట్ల నీలం మరకలు తేలాయి. లోపల ఒకరు సోడా కొడుతుంటే బయట ఇంకొకరు నీళ్లతో కడుగుతూ ఉండాల్సి వచ్చింది.

కిరీటంలో పాతిక కిటికీలు, వాటిలోంచి రేవు కనపడుతుంది. అందరూ ఫొటోలు తీసుకుంటున్నారు. నేను మేనల్లుడికి స్టీలు బద్ద చివర చూపించాను. వాడు మాత్రం, ఆ మరమ్మతులో నాకిష్టమైన ముక్క విని ఎగిరి గంతేశాడు. కొత్తగా అతికే రాగి ఎర్రగా ఉంటుంది, పాత పచ్చ పక్కన మాసికలా కొడుతుంది. అప్పుడు న్యూజెర్సీకి చెందిన బెల్ ల్యాబ్స్ వాళ్లు తమ భవనం కప్పు మీది పచ్చబడిన రాగి రేకులు ఇచ్చారు, బదులుగా పరిశోధనకి విగ్రహం పాత రేకు ముక్కలు తీసుకున్నారు. "ట్రాన్సిస్టర్ పుట్టిన బెల్ ల్యాబ్సేనా?" అని అడిగాడు. అవును, వాళ్లే. ఆ నిమిషం నుంచి లిబర్టీ వాడికి మేనత్త పాఠం కాకుండా, సొంత చుట్టమైపోయింది.

కిందికి దిగి వదినని వెతికితే బెంచీ మీద లేదు. 2019లో తెరిచిన మ్యూజియంలో పాత దివిటీ ముందు నిలబడి ఉంది. 1916లో దగ్గర్లోని బ్లాక్ టామ్ రేవులో మందుగుండు పేలాక ఆ దివిటీ దాకా సందర్శకుల్ని పోనివ్వడం మానేశారు. అదే ఏడాది శిల్పి బోర్గ్లమ్ దాని రాగి మంటకి కిటికీలు కోసి గాజు బిగించాడు, లోపల దీపం వెలగాలని. గాజు సందుల్లోంచి వాన కారి కారి లోపలంతా పాడైంది. 1986కి ఫ్రెంచి పనివాళ్లు కొత్త దివిటీ చేసి, మంటకి బంగారు తాపడం వేశారు. బంగారానికి పచ్చ పట్టదు, తుప్పు పట్టదు. నిజం చెప్పాలంటే, నాకది కాస్త అతిగా అనిపిస్తుంది. రాగి మీద అంత నమ్మకం పెట్టి చేసిన మనిషికి చేతిలో మాత్రం బంగారమా?

ఈ మాటే వదినతో అన్నాను. ఆమె వినలేదు. పక్కనే రాగితో చేసిన లిబర్టీ ముఖం నమూనా ఉంది, అసలు కొలతల్లో, పచ్చ లేకుండా, తొలిరోజుల రాగి రంగులో. ముక్కు, పెదాలు, కళ్లు అన్నీ ఒక్కసారిగా దగ్గరికి వచ్చినట్టున్నాయి. వదిన దాని ముందు చాలాసేపు నిలబడింది. బ్రొషాంటైట్ రక్షణ గురించి నేను మొదటి నుంచీ మళ్లీ చెప్పాను, రెండు మిల్లీమీటర్లన్నాను, ఐదు శాతమన్నాను.

"నువ్వు చెప్పింది నిజమే కావచ్చే," అంది. "అయినా నాకు ఈ మొహమే బాగుంది."